ఓటు, రేషన్ కార్డు, సాఫ్ట్‌వేర్: మన పేరు తీసే ముందు మనల్ని ఎవరు అడగాలి?

2018 డిసెంబర్ 7న తెలంగాణ అసెంబ్లీకి పోలింగ్ జరిగింది. ఆ రోజు హైదరాబాద్‌లో చాలామంది ఓటరు కార్డు చేతిలో పట్టుకుని పోలింగ్ కేంద్రానికి వెళ్లారు. జాబితాలో పేరు లేదంటే వెనక్కి తిరిగారు. వాళ్లలో బ్యాడ్మింటన్ క్రీడాకారిణి గుత్తా జ్వాల కూడా ఉన్నారు. ఆమె ట్విట్టర్‌లో రాయడంతో ఈ సంగతి దేశమంతా తెలిసింది. అప్పటి రాష్ట్ర ప్రధాన ఎన్నికల అధికారి రజత్ కుమార్ పేర్లు గల్లంతైన ఓటర్లకు బహిరంగంగా క్షమాపణ చెప్పారు. కానీ క్షమాపణతో ఓటు తిరిగి రాదు. నామినేషన్ల గడువు ముగిశాక, ఎన్నిక పూర్తయ్యేదాకా జాబితాలో పేరు చేర్చడానికి గానీ తీయడానికి గానీ వీల్లేదని 1950 నాటి ప్రజాప్రాతినిధ్య చట్టం సెక్షన్ 23(3) చెబుతోంది. పోలింగ్ రోజు తెలుసుకుంటే చేయగలిగింది ఏమీ లేదన్నమాట.

ఈ వ్యాసంలో మేము చెప్పదలచుకున్నది ఒక్కటే. ఓటరు జాబితా, రేషన్ కార్డుల జాబితా, పథకాల లబ్ధిదారుల జాబితా ఇప్పుడు ఒకే పద్ధతిలో తయారవుతున్నాయి. ఒక డేటాబేస్‌ను ఇంకో డేటాబేస్‌తో సరిపోలుస్తారు. సరిపోలని పేరు అనుమానాస్పదం అవుతుంది, ఆ తర్వాత మాయమవుతుంది. తీసే ముందు మనిషికి చెప్పాలి, ఆమె మాట వినాలి అన్నది చట్టం. సాఫ్ట్‌వేర్ వచ్చాక ఆ మెట్టు జారిపోయింది. దళిత బస్తీలకు దీనివల్ల జరిగే నష్టం ఏమిటి, ఇంటర్నెట్ చట్టాలు దాన్ని ఆపుతున్నాయా లేదా అన్నది ఇక్కడ చూద్దాం.

ఓటరు జాబితాలో ఏం జరిగింది?

2015 మార్చి 3న కేంద్ర ఎన్నికల సంఘం ఓటర్ల జాబితాల ప్రక్షాళన కార్యక్రమం మొదలుపెట్టింది. ఓటరు కార్డును ఆధార్‌తో కలపడం అందులో ప్రధాన భాగం. అదే ఏడాది ఆగస్టు 11న సుప్రీంకోర్టు ఆధార్ వాడకం మీద మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. రెండు రోజుల తర్వాత ఎన్నికల సంఘం అనుసంధానం ఆపేసింది. అప్పటికే దేశంలో దాదాపు 30 కోట్లకు పైగా ఓటర్ల ఆధార్ నంబర్లు చేరిపోయాయి. తెలంగాణలో ఆ పని వేగంగా జరిగింది. హైదరాబాద్‌లో లక్షల పేర్లు తీసేశారన్న ఫిర్యాదులు రావడంతో, ఢిల్లీ నుంచి ఎన్నికల సంఘం పరిశీలన బృందాన్ని పంపాల్సి వచ్చింది.

అంకెలు చూడండి. 2014 ఎన్నికల నాటికి తెలంగాణలో ఓటర్లు సుమారు 2.81 కోట్లు. 2018 సెప్టెంబర్‌లో విడుదలైన ముసాయిదా జాబితాలో సుమారు 2.61 కోట్లు. నాలుగేళ్లలో 18 ఏళ్లు నిండినవాళ్లు లక్షల్లో ఉంటారు. అయినా జాబితా పెరగకపోగా 20 లక్షలు తగ్గింది. ఆ తర్వాత నెల రోజుల్లో మళ్లీ దాదాపు 12 లక్షల మంది చేరారు. తీసినవాటిలో రెండు చోట్ల ఉన్న పేర్లు, చనిపోయినవాళ్ల పేర్లు, ఆంధ్రప్రదేశ్‌కు వెళ్లిపోయినవాళ్ల పేర్లు కచ్చితంగా ఉన్నాయి. ఎన్ని సరైనవి, ఎన్ని తప్పు అని బయటివాళ్లు లెక్క తేల్చే వీలు లేకుండా చేయడమే అసలు సమస్య.

సనత్‌నగర్ నియోజకవర్గానికి ఈ కథలో ఒక చోటు ఉంది. అక్కడి నుంచి పలుమార్లు ఎమ్మెల్యేగా గెలిచిన మర్రి శశిధర్ రెడ్డి 2018లో ఓటరు జాబితా లోపాల మీద సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. హైకోర్టులో తేల్చుకోమని సుప్రీంకోర్టు చెప్పింది. అదే ఏడాది పరిశోధకుడు శ్రీనివాస్ కొడాలి హైకోర్టులో ప్రజాప్రయోజన వ్యాజ్యం వేశారు. ఓటర్ల పేర్లు తీయడానికి ఆధార్ సమాచారాన్ని, రాష్ట్ర ప్రభుత్వ డేటాబేస్‌ను, బయటికి చెప్పని సాఫ్ట్‌వేర్‌ను వాడారన్నది ఆయన అభ్యంతరం. ఒకరు రాజకీయ నాయకుడు, ఇంకొకరు పరిశోధకుడు. కోర్టుకు వెళ్లగల స్తోమత ఉన్నవాళ్లు కాబట్టి వెళ్లారు. బస్తీలో పేరు పోయిన మనిషి అయిదేళ్లు ఆగింది.

అదే లెక్క, ఈసారి బియ్యం మీద

తెలంగాణ ప్రభుత్వం 'సమగ్ర వేదిక' అనే వ్యవస్థను సుమారు 2016 నుంచి వాడుతోంది. వాహనాల రిజిస్ట్రేషన్, ఆస్తి పన్ను, కరెంటు బిల్లు వంటి రకరకాల రికార్డులను కలిపి, ఒక మనిషికి లేదా కుటుంబానికి ఏమేం ఉన్నాయో అది అంచనా వేస్తుంది. దాన్ని బట్టి ఆహార భద్రత కార్డుకు అర్హత ఉందా లేదా అని చెబుతుంది.

2024 జనవరిలో అల్ జజీరా ప్రచురించిన పరిశోధన ప్రకారం 2014 నుంచి 2019 మధ్య తెలంగాణలో 18.6 లక్షలకు పైగా కార్డులు రద్దయ్యాయి. రద్దు చేసే ముందు నోటీసు ఇవ్వలేదు. సైకిల్ రిక్షా తొక్కి బతికిన కుటుంబాన్ని కారున్న కుటుంబంగా లెక్కగట్టి బియ్యం ఆపేసిన ఉదంతం అందులో ఉంది. హైదరాబాద్ సామాజిక కార్యకర్త ఎస్.క్యూ. మసూద్ దీని మీద కోర్టుకు వెళ్లారు. 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు రద్దయిన కార్డులన్నిటినీ క్షేత్రస్థాయిలో మళ్లీ పరిశీలించమని ఆదేశించింది. కంప్యూటర్ లెక్కను మాత్రమే నమ్ముకుని అన్ని లక్షల కార్డులు తీసేయడాన్ని కోర్టు ఒప్పుకోలేదు.

అదే పరిశోధన ఇచ్చిన లెక్క ఇది. కోర్టు ఉత్తర్వు తర్వాత సుమారు 4.92 లక్షల దరఖాస్తులు వచ్చాయి. 2022 జూలై నాటికి సుమారు 2.06 లక్షలు పరిశీలించారు. వాటిలో 15,471 కుటుంబాలకు అర్హత ఉందని తేలింది. అంటే పరిశీలించిన ప్రతి 100లో 7కు పైగా తప్పుగా తీసేసినవి. అదీ ప్రభుత్వం తన లెక్కలోనే ఒప్పుకున్న తప్పు.

నూటికి ఏడు చిన్న లెక్కగా కనబడొచ్చు. ఒక ఇంట్లో దాని బరువు ఎంతో చూద్దాం. తెలంగాణలో ఒక్కో మనిషికి నెలకు 6 కిలోల బియ్యం ఇస్తారు. నలుగురున్న ఇంటికి 24 కిలోలు. బయట కిలో 40 రూపాయలే అనుకున్నా నెలకు 960, ఏడాదికి 11,520 రూపాయలు. 2025 ఉగాది నుంచి ఇచ్చేది సన్నబియ్యం కాబట్టి నష్టం ఇంకా ఎక్కువే. పైగా తెల్ల కార్డు బియ్యంతో ఆగదు. 500 రూపాయల గ్యాస్ సిలిండర్, 200 యూనిట్ల ఉచిత కరెంటు కూడా ఆ కార్డు మీదే నడుస్తున్నాయి. ఒక్క జాబితాలో పేరు పోతే వాటన్నిటి తలుపులూ ఒకేసారి మూసుకుంటాయి. ఎన్నికల్లో పార్టీలు గ్యారంటీల మీద పోటీ పడతాయి. ఆ గ్యారంటీ ఎవరి ఇంటికి చేరాలో తేల్చే సాఫ్ట్‌వేర్ మీద ఎన్నికల ప్రచారంలో ఒక్క ప్రశ్న కూడా రాదు.

యంత్రం పేరును ఎలా చదువుతుంది?

అమీర్‌పేటలో కోచింగ్ సెంటర్ల బోర్డుల కింద నడిచే విద్యార్థికి ఇది కొత్త పాఠం కాదు. రెండు టేబుళ్లను కలపాలంటే రెండింటిలోనూ ఒకేలా ఉండే కాలమ్ కావాలి. ఆధార్ నంబర్ ఉంటే సులువు. లేకపోతే పేరు, తండ్రి లేదా భర్త పేరు, వయసు, ఇంటి నంబరు దగ్గరగా ఉన్నాయా అని చూసి, ఇంత శాతం సరిపోలితే ఒకే మనిషి అని యంత్రం అనుకుంటుంది. ఎంత శాతం చాలు అన్నది ఎవరో ఒకరు ఆఫీసులో కూర్చుని నిర్ణయించిందే.

ఇప్పుడు మన బస్తీలను తలచుకోండి. అమ్మ పేరు ఒక కార్డులో పోచమ్మ, ఇంకో దాంట్లో పోశమ్మ. ఇంగ్లిషులో ఎక్కించినప్పుడు దానికి నాలుగు రకాల స్పెల్లింగులు. ఇంటిపేరు ఒకచోట ముందు, ఒకచోట వెనక, ఇంకోచోట ఒక్క అక్షరం. పుట్టిన తేదీ తెలియక జనవరి 1 అని రాయించుకున్నవాళ్లు ఎందరో. ఒకే ఇంటి నంబరు మీద గదికొక కుటుంబం. రోడ్డు వెడల్పు కోసమో, నాలా పనుల కోసమో ఇల్లు కూలగొడితే ఆ చిరునామా కూడా పోతుంది. అద్దె పెరిగి పక్క వీధికి మారినా రికార్డులో మనిషి 'లేనట్టే'. సనత్‌నగర్ కార్ఖానాల కోసం వచ్చి, అవి మూతబడ్డాక పని వెతుక్కుంటూ గదులు మారినవాళ్లు, అమీర్‌పేట హాస్టళ్లలో ఉంటూ పోటీ పరీక్షలకు చదివే పల్లె పిల్లలు, ఇళ్లలో పనిచేసే ఆడవాళ్లు, ఊడ్చే కార్మికులు అందరూ ఈ లెక్కలో సరిపోలని పేర్లు అవుతారు.

సాఫ్ట్‌వేర్‌కు కులం తెలియకపోవచ్చు. కానీ స్థిరమైన ఇల్లు, ఒకే స్పెల్లింగు, బడి సర్టిఫికెట్‌లో రాసిన పుట్టిన తేదీ ఎవరికి తరతరాలుగా ఉన్నాయో, ఎవరికి లేవో మనకు తెలుసు. తేడా లేకుండా అందరికీ ఒకే నిబంధన పెట్టినా దెబ్బ తగిలేది ఒకవైపే.

చట్టం ఏం చెబుతోంది?

బ్రిటిష్ పాలనలో ఓటు ఆస్తి, పన్ను, చదువు ఉన్నవాళ్ల హక్కు. 1919లో సౌత్‌బరో కమిటీ ముందు సాక్ష్యం ఇచ్చినప్పటి నుంచి అంబేడ్కర్ ఈ షరతుల మీద పోరాడారు. ఆస్తి లేకపోవడానికి కారణమే అంటరానితనం అయినప్పుడు, ఆస్తిని ఓటుకు షరతు చేయడం ఒకే మనిషిని రెండుసార్లు శిక్షించడమేనన్నది ఆ వాదన సారం. రాజ్యాంగం 326వ అధికరణ ఆ షరతులన్నిటినీ కొట్టేసి వయోజనులందరికీ ఓటు ఇచ్చింది.

జాబితా గురించి కూడా ఆయన అప్పుడే హెచ్చరించారు. 1949 జూన్ 15న రాజ్యాంగ సభలో ఎన్నికల సంఘం మీద చర్చ జరిగింది. కొన్ని రాష్ట్రాల్లో జాతి, భాష, సంస్కృతి వేరైనవాళ్లను అక్కడి ప్రభుత్వాలు జాబితాలో చేరకుండా చేస్తున్నాయని అంబేడ్కర్ సభకు చెప్పారు. స్థానిక ప్రభుత్వ ద్వేషం వల్ల గానీ అధికారి ఇష్టాయిష్టాల వల్ల గానీ అర్హులెవరూ బయట ఉండిపోకూడదన్న ఉద్దేశంతోనే జాబితా తయారీని కేంద్ర ఎన్నికల సంఘం చేతిలో పెట్టారు. అంటే ఎన్నికల సంఘం పుట్టుకకు ఒక కారణం జాబితాలోంచి పేర్లు పోవడమే.

తర్వాత వచ్చిన చట్టం కూడా స్పష్టంగానే ఉంది. చనిపోయారనో, వేరేచోటికి వెళ్లిపోయారనో, అర్హత లేదనో పేరు తీయాలంటే ముందు ఆ మనిషికి తన మాట చెప్పుకునే అవకాశం ఇవ్వాలని 1950 చట్టం సెక్షన్ 22 అంటోంది. 1995లో లాల్ బాబు హుస్సేన్ కేసులో సుప్రీంకోర్టు దీన్ని గట్టిపరిచింది. ఇంతకు ముందు జాబితాలో ఉన్న పేరు సరిగానే చేరిందని భావించాలి, అనుమానం ఉంటే కారణం చెప్పి నోటీసు ఇవ్వాలి అని చెప్పింది. రుజువు భారం పేరు తీయాలనుకునేవాళ్ల మీద ఉంది. సాఫ్ట్‌వేర్ దాన్ని తలకిందులు చేసి, పేరు పోయినవాళ్లే ఆఫీసుల చుట్టూ తిరిగి తాము ఉన్నామని రుజువు చేసుకునేలా చేసింది.

2021 డిసెంబర్‌లో పార్లమెంటు ఎన్నికల చట్టాన్ని సవరించి ఓటరు–ఆధార్ అనుసంధానానికి మళ్లీ దారి తెరిచింది. దాని కోసం వచ్చిన ఫారం 6బీ మీద తెలంగాణ కాంగ్రెస్ నాయకుడు జి. నిరంజన్ సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఆధార్ ఇవ్వడం తప్పనిసరి కాదని, ఫారంలో ఆ మేరకు మార్పులు చేస్తామని 2023 సెప్టెంబర్‌లో ఎన్నికల సంఘం కోర్టుకు చెప్పింది. అప్పటికే 66 కోట్లకు పైగా ఆధార్ నంబర్లు ఎక్కించామని కూడా చెప్పింది.

ఇంటర్నెట్ నియంత్రణ ఎవరి మీద?

ఇంటర్నెట్ నియంత్రణ అనగానే మన దగ్గర చర్చ పోస్టుల మీదకే వెళుతుంది. 2021 ఐటీ నిబంధనలు, పోస్టులు తీసేయమని ప్రభుత్వ విభాగాలు కంపెనీలకు ఆదేశాలు పంపే సహయోగ్ పోర్టల్ అన్నీ మనం ఏం రాశాం, ఏం పంచుకున్నాం అన్నదాని మీదే. 2025 మార్చిలో ముఖ్యమంత్రిని విమర్శించిన వీడియో విషయంలో హైదరాబాద్‌లో ఇద్దరు మహిళా జర్నలిస్టులను పోలీసులు అరెస్టు చేశారు. పౌరుల మాటను పట్టుకోవడానికి ఇన్ని చట్టాలున్నాయి. ప్రభుత్వం నడిపే సాఫ్ట్‌వేర్ తప్పు చేస్తే పట్టుకునే చట్టం ఏది?

2023 డిజిటల్ వ్యక్తిగత డేటా పరిరక్షణ చట్టం ఆ పని చేయాలి. దాన్ని తెరిచి చూస్తే మూడు విషయాలు కనబడతాయి. సబ్సిడీలు, పథకాల కోసం ప్రభుత్వం మన సమాచారాన్ని వాడుకోవడానికి సెక్షన్ 7 వీలు కల్పిస్తోంది. కేంద్రం నోటిఫై చేసిన ప్రభుత్వ సంస్థలకు సెక్షన్ 17 చట్టం నుంచే మినహాయింపు ఇస్తోంది. సెక్షన్ 44(3) సమాచార హక్కు చట్టాన్ని మార్చింది. ఇంతకు ముందు ప్రజాప్రయోజనం ఉంటే ఇవ్వాల్సిన వ్యక్తిగత సమాచారాన్ని ఇప్పుడు 'వ్యక్తిగతం' అన్న ఒక్క మాటతో నిరాకరించొచ్చు. 8(2) కింద ప్రజాప్రయోజనం చూపించి అడిగే దారి మిగిలినా, వాదించి గెలవాల్సిన భారం అడిగేవాళ్ల మీద పడింది. 2025 నవంబర్‌లో నిబంధనలు నోటిఫై కావడంతో ఈ మార్పు అమల్లోకి వచ్చింది.

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధి హామీ పనుల సామాజిక తనిఖీ ఎలా నడిచిందో గుర్తున్నవాళ్లకు ఈ దెబ్బ అర్థమవుతుంది. ఎవరి పేరు మీద ఎన్ని రోజుల కూలి రాశారో ఊరి మధ్య చదివి వినిపించేవాళ్లు. దొంగ మస్టర్లు పట్టుబడింది అందుకే. పేర్లు బయటికి రాకపోతే తప్పు బయటికి రాదు.

ఓటరు జాబితాలోనూ అదే ధోరణి. కంప్యూటర్‌లో వెతకడానికి వీలయ్యే జాబితా ఇమ్మని కాంగ్రెస్ నాయకుడు కమల్‌నాథ్ వేసిన పిటిషన్‌ను 2018 అక్టోబర్‌లో సుప్రీంకోర్టు తోసిపుచ్చింది. మనకు దొరికేది ఫొటోలా ఉండే పీడీఎఫ్. గోప్యత కోసమే అంటారు. ఎన్నికల సంఘం మన పేర్లను క్షణాల్లో జల్లెడ పట్టగలదు. మనం మాత్రం పేజీ పేజీ కళ్లతో చదువుకోవాలి.

బీహార్ చెప్పిన పాఠం

2025 జూన్ 24న ఎన్నికల సంఘం బీహార్‌లో ప్రత్యేక ముమ్మర సవరణ ప్రకటించింది. ఆగస్టు 1న వచ్చిన ముసాయిదాలో సుమారు 65 లక్షల పేర్లు లేవు. ఆ పేర్లను, తీసేసిన కారణాలతో సహా, వెతకడానికి వీలుగా బయటపెట్టమని ఆగస్టు 14న సుప్రీంకోర్టు ఆదేశించింది. దాంతో ఊళ్లలో జనం జాబితా పట్టుకుని, చనిపోయారని రాసిన బతికున్న మనుషులను వెతికి చూపించగలిగారు. కారణం రాసి ఉంటేనే దాన్ని ప్రశ్నించగలం. అక్టోబర్ 27న ఇదే సవరణను మరో 12 రాష్ట్రాలు, కేంద్రపాలిత ప్రాంతాలకు ప్రకటించారు. తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ ఆ విడతలో లేవు. మన దగ్గర జరిగే సవరణకు బీహార్ ఉత్తర్వును కొలబద్దగా పెట్టుకోవాలి.

నకిలీ ఓట్లు తీయొద్దంటారా అని అడుగుతారు. తీయాలి. 2025 నవంబర్‌లో సనత్‌నగర్ పక్కనే ఉన్న జూబ్లీహిల్స్ ఉపఎన్నికలో నకిలీ ఓట్లున్నాయన్న ఆరోపణలు వచ్చాయి. ఒక్కో నకిలీ ఓటు బస్తీ మనిషి నిజమైన ఓటు విలువను తగ్గిస్తుంది. అందుకని ప్రక్షాళనను మేము వ్యతిరేకించడం లేదు. అనుమానం యంత్రం చెప్పొచ్చు. తీర్పు మాత్రం ఇంటికి వెళ్లి, అడిగి, విని, సంతకం పెట్టిన మనిషి ఇవ్వాలి. రేపు కోర్టులో ఆ సంతకాన్ని ప్రశ్నించే వీలుండాలి.

మనం చేయగలిగినవి

ఒకటి: ఎన్నికలు లేనప్పుడే జాబితా చూడాలి. ఏడాదికి రెండుసార్లు బూత్ జాబితా తీసుకుని వీధి వీధీ తిరిగి సరిచూడటం విద్యార్థి సంఘాలు, అంబేడ్కర్ యువజన సంఘాలు చేయగలిగిన పని. అసెంబ్లీ జాబితా నుంచే జీహెచ్‌ఎంసీ వార్డుల జాబితా తయారవుతుంది కాబట్టి ఒక్కసారి పోతే రెండు ఎన్నికల్లో ఓటు పోయినట్టే.

రెండు: పేరు తీయమని వచ్చే దరఖాస్తు ఫారం 7. అలా వచ్చిన దరఖాస్తుల జాబితాను ఫారం 10లో ఓటరు నమోదు అధికారి ప్రకటించాలి. అది చూస్తే ఎవరి మీద దరఖాస్తు పడిందో తీయక ముందే తెలుస్తుంది. ఒకే బస్తీ మీద గుంపుగా పడితే వెంటనే రాతపూర్వకంగా అభ్యంతరం ఇవ్వాలి. తప్పుడు సమాచారంతో దరఖాస్తు పెట్టడం సెక్షన్ 31 కింద, అధికారి విధి ఉల్లంఘన సెక్షన్ 32 కింద నేరాలు.

మూడు: పేరు తీసేశారని తెలిస్తే ఫారం 6తో కొత్తగా చేరి ఊరుకోవద్దు. చేరండి, దాంతోపాటు 'ఏ కారణంతో తీశారు, నోటీసు ఎప్పుడు ఇచ్చారు, ఎవరు పరిశీలించారు' అని మీ సొంత పేరు మీద సమాచార హక్కు కింద అడగండి. సొంత సమాచారం అడిగినప్పుడు గోప్యత అడ్డు చెప్పడం కష్టం. తీసిన ఉత్తర్వు మీద సెక్షన్ 24 కింద అప్పీలు ఉంది. మొదటి అప్పీలుకు గడువు 15 రోజులే.

నాలుగు: హాస్టల్‌లో ఉండే విద్యార్థులు సాధారణంగా ఉంటున్న చోట ఓటు నమోదు చేసుకోవచ్చు. ఊళ్లో ఉంచుకోవాలా ఇక్కడ పెట్టుకోవాలా అన్నది మీరే తేల్చుకోండి. రెండు చోట్లా ఉంచుకుంటే మాత్రం యంత్రానికి సాకు మనమే ఇచ్చినట్టు.

అయిదు: రాష్ట్ర ప్రభుత్వం ముందు పెట్టాల్సిన డిమాండు. సమగ్ర వేదిక ఏ రికార్డులను కలుపుతోంది, ఎంత సరిపోలితే అనర్హత అంటోంది, ఇప్పటిదాకా ఎన్ని తప్పులు తేలాయి అన్నది బయటపెట్టాలి. నోటీసు ఇచ్చి విచారణ చేసేదాకా బియ్యం ఆపకూడదు. 2024–25 కులగణనలో రాష్ట్రంలో 61.84 లక్షల మంది ఎస్సీలున్నారని, జనాభాలో 17.43 శాతమని ప్రభుత్వమే చెప్పింది. మనల్ని లెక్కపెట్టగలిగిన ప్రభుత్వం, రద్దయిన కార్డుల్లో మనవి ఎన్నో కూడా చెప్పగలదు. పేర్లు చెప్పనక్కర లేదు. కులాల వారీగా, మండలాల వారీగా, కారణాల వారీగా లెక్క ఇస్తే చాలు. ఆ లెక్క అడుగుతూ వచ్చే అసెంబ్లీ సమావేశాలకు ముందు మీ నియోజకవర్గ ఎమ్మెల్యేకు వినతిపత్రం ఇవ్వండి, అందినట్టు రసీదు తీసుకోండి.